పశువైద్యుడి జవాబులు: గీరుకుని గీరుకుని చచ్చిపోయిన కుక్క

ప్రశ్న: డాక్టరు గారికి నమస్కారం. మాది చీపురుపల్లి దగ్గర పల్లె. అయిదేళ్లుగా సీమపందులు పెంచుతున్నాం. ఆరు ఆడవి, ఒకటి మగది. కనుమ నాడు మా వీధి వాళ్లు సంతలో పందిని కొనుక్కొచ్చి, కోసి వాటాలు వేసుకున్నారు. పక్కన పడేసిన పేగులూ ఊపిరితిత్తులూ మా కుక్క తింది. నాలుగో రోజు పొద్దున్నుంచి కుడి దవడని గోడకేసి రుద్దడం మొదలుపెట్టింది. కాలితో గీరుకుని గీరుకుని చర్మం ఊడి మాంసం కనబడింది. నోటి వెంట ఒకటే చొంగ. నీళ్లు మింగలేకపోయింది. ఎవరినీ కరవలేదు. మర్నాడు తెల్లారేసరికి చచ్చిపోయింది. చింతచెట్టు కింద పాతిపెట్టేశాం. పదకొండేళ్ల మా బాబు దాని నోరు పట్టుకుని చెంచాతో నీళ్లు పోశాడు. వాడి వేళ్ల మీద గాలిపటం దారం కోసుకున్న గీతలున్నాయి. మా బంధువు ఒకాయన ఫోన్‌లో చూసి, ఇది ‘సూడోరేబిస్’ అనే పందుల జబ్బు, మనుషులకి రాదు, సూదులు అక్కర్లేదు అన్నారు. అదే వారంలో మా పంది తొమ్మిది పిల్లల్ని ఈనితే అయిదు వణికి వణికి పోయాయి. ఇది ఆ జబ్బేనా? పందులన్నీ అమ్మేయమంటారా? చాలా టెన్షన్‌గా ఉంది. (పేరు వేయవద్దని కోరారు.)

జవాబు: తల్లీ, మీ ఉత్తరం నాకు జనవరి 27 సాయంత్రం అందింది. పత్రిక అచ్చయ్యేదాకా ఆగే సంగతి కాదు కనక మీరు రాసిన నంబరుకి అప్పుడే ఫోన్ చేశాను. మీతో చెప్పిందే ఇక్కడ మళ్లీ రాస్తున్నాను. ఇలాంటి కుక్క ఇంకో వీధిలోనూ ఉండొచ్చు, ఇలాంటి పిల్లవాడు ఇంకో ఇంట్లోనూ ఉండొచ్చు.

ముందు బాబు సంగతి. జబ్బు పేరు తేలేదాకా సూది ఆపకూడదు. టీకా వేయని, వీధుల్లో తిరిగే కుక్క మింగలేక, చొంగ కారుస్తూ చచ్చిపోతే మన ఊళ్లలో దాన్ని రేబిస్ అనుకునే నడుచుకోవాలి. కరవలేదు కదా అని ఊరుకోవద్దు. తెగిన చర్మం మీద చొంగ పడితే అది కాటుతో సమానం. డాక్టర్లు దాన్ని మూడో తరగతి కింద, అంటే అన్నిటికన్నా ప్రమాదమైన దాని కింద లెక్కేస్తారు. చొంగ పడిన వెంటనే ధారగా పడే నీళ్ల కింద సబ్బుతో పదిహేను నిమిషాలు కడగాలి. ఆ రోజు మీరు కడగలేదన్నారు. సరే, అది జరిగిపోయింది. రేబిస్ లోపల పొదగడానికి మామూలుగా ఒకటి నుంచి మూడు నెలలు పడుతుంది కాబట్టి వారం ఆలస్యమైనా టీకా పనికొస్తుంది. లక్షణం బయటపడ్డాక మాత్రం ఏ మందూ లేదు. ప్రభుత్వ ఆసుపత్రిలో ఉచితంగా, చర్మంలోకి వేసే పద్ధతిలో మొదటి రోజు, తర్వాత 3, 7, 28 రోజుల్లో వేస్తారు. మూడో తరగతి వాళ్లకి గాయం దగ్గర ఇమ్యునోగ్లోబ్యులిన్ అనే మందు కూడా ఎక్కించాలి. అది అన్నిచోట్లా ఉండదు, పెద్దాసుపత్రిలో అడగండి అన్నాను. మర్నాడు, జనవరి 28న, బాబుకి మొదటి సూదీ, ఆ మందూ పడ్డాయి.

నేనింత గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. 1986 ఎండాకాలంలో, ఉద్యోగంలో చేరిన రెండో ఏడు, సాలూరు వైపు ఒక పల్లెలో ఉండేవాణ్ణి. ఒక రైతు గేదెని తోలుకొచ్చాడు. మేత మింగదు, చొంగ కారుతోంది. మామిడికాయల రోజులు. గొంతులో టెంక అడ్డుపడి ఉంటుందన్నాడు. నేనూ అదే అనుకున్నాను. గ్లవ్స్ లేకుండా మోచేతి దాకా దాని గొంతులోకి చెయ్యి పెట్టి వెతికాను. టెంక లేదు. దాని పళ్లకి నా వేలి కణుపుల మీద చర్మం గీరుకుపోయింది. రెండో రోజుకి ఆ గేదె గొంతు మారిపోయి అదే పనిగా అరవడం మొదలుపెట్టింది, నాలుగో రోజు పడిపోయింది. అప్పుడు మా ఆసుపత్రి కాంపౌండరు మెల్లగా అన్నాడు: “నెల కిందట ఆ ఊర్ల పిచ్చికుక్క తిరిగినాదటండి బాబూ.” నేనూ, దానికి చేత్తో గంజి తాగించిన ఆ ఇంటి మనుషులు నలుగురూ రోజూ బస్సెక్కి పట్నం వెళ్లి బొడ్డు చుట్టూ పద్నాలుగు సూదులు వేయించుకున్నాం. ఆ ఇంటి ముసలాయన రెండుసార్లు రానని మొండికేస్తే ఇంటికెళ్లి బతిమాలి తీసుకెళ్లాను. అయిదుగురం బతికాం. ఆ పాత టీకా ఇప్పుడు లేదు. ఇప్పటిది చేతికి వేసే చిన్న సూది. భయపడాల్సింది సూదికి కాదు.

ఇక మీ బంధువు చెప్పిన జబ్బు గురించి. అలాంటి జబ్బు ఉన్న మాట నిజం. 1902లో హంగరీలో అలడార్ అవుజెస్కీ అనే ఆయన ఒక ఎద్దు, ఒక కుక్క, ఒక పిల్లి నుంచి తీసిన పదార్థాన్ని కుందేళ్లకి ఎక్కించి చూశాడు. అవి రేబిస్‌లో కన్నా చాలా త్వరగా చచ్చిపోయాయి. అప్పుడు ఇది రేబిస్ కాదు, వేరే జబ్బు అని తేల్చాడు. అందుకే దాన్ని అవుజెస్కీ జబ్బు అంటారు. పైకి రేబిస్‌లా ఉంటుంది కాబట్టి సూడోరేబిస్ అన్నారు, అంటే ఉత్తుత్తి రేబిస్. అమెరికాలో ఆవులకి వచ్చినప్పుడు రైతులు ‘పిచ్చి దురద’ అన్నారు. నా మట్టుకు ఆ పేరే బాగా అతికింది. రెండు వైరస్‌లకీ చుట్టరికం ఏమీ లేదు. దీనికి చుట్టం మన ఆటలమ్మ వైరస్.

ఆ చుట్టరికం గుర్తుపెట్టుకుంటే జబ్బు నడక సులువుగా అర్థమవుతుంది. చిన్నప్పుడు ఆటలమ్మ పోసి తగ్గిన మనిషికి నలభై, యాభై ఏళ్ల తర్వాత నడుం చుట్టూ అక్కి లేస్తుంది చూడండి. అది కొత్తగా అంటింది కాదు. ఆటలమ్మ వైరసే నరాల ముడుల్లో ఇన్నేళ్లూ పడుకుని మళ్లీ లేచింది. అవుజెస్కీ వైరస్ కూడా పందిలో అంతే. పెద్ద పందికి నాలుగు రోజులు జ్వరం, దగ్గు, మేత తగ్గడం. తర్వాత లేచి మామూలుగా తిరుగుతుంది. వైరస్ మాత్రం దాని ముఖం నరాల ముడిలోనూ టాన్సిల్స్‌లోనూ చచ్చేదాకా ఉండిపోతుంది. ఈనినప్పుడో, లారీలో కుక్కి దూరం తీసుకెళ్లినప్పుడో, ఒంట్లో సత్తువ తగ్గినప్పుడో మళ్లీ లేచి ముక్కు నీటిలో, లాలాజలంలో బయటికొస్తుంది. పంది బాగానే ఉంటుంది, పక్క పందికి అంటుతుంది.

మిగతా జంతువుల్లో కథ వేరు. ఆవు, గేదె, గొర్రె, మేక, కుక్క, పిల్లి, వీటిలో దేనికి సోకినా దాదాపుగా చావే, అదీ రెండు మూడు రోజుల్లోనే. వైరస్ లోపలికి వెళ్లిన చోట తట్టుకోలేనంత దురద పుడుతుంది. నోటితో తింటే మొహం మీద, గాయంలో పడితే ఆ గాయం చుట్టూ. ఎముక కనబడేదాకా గీరుకున్న పశువులున్నాయి. అలా పోయిన జంతువు నుంచి ఇంకోదానికి సాధారణంగా అంటదు. జబ్బు నిలవుండే కుండ పందే. కుక్కలకీ పిల్లులకీ ఇది వచ్చే ముఖ్యమైన దారి పచ్చి పంది మాంసం, పేగులు, ఊపిరితిత్తులు తినడం.

ఇంత చెప్పాక మీ కుక్కకి వచ్చింది ఇదేనని నేను అంటానని మీరు అనుకోవచ్చు. అనలేను తల్లీ. పచ్చి పేగులు తిన్న నాలుగో రోజున మొదలవడం, ఒకవైపు దవడే గీరుకోవడం, ఒక్క రోజులో పోవడం, ఎవరి మీదికీ రాకపోవడం, ఇవన్నీ అటే మొగ్గుతున్నాయి. కానీ రేబిస్‌లోనూ పూర్వం కాటు పడిన చోట దురద పుడుతుంది. రేబిస్ కుక్కలన్నీ కరవవు. కొన్ని మూలన నక్కి, దవడ వేలాడేసుకుని పోతాయి. పొలంలో పురుగుమందు తిన్న కుక్కకీ నురగ వస్తుంది. చూపుతో తేలేది కాదు. తేల్చేది మెదడు పరీక్ష ఒక్కటే, ఆ మెదడు చింతచెట్టు కింద మట్టిలో కలిసిపోయింది. మిమ్మల్ని తప్పుపట్టడానికి రాయడం లేదు. ఎవరూ చెప్పకపోతే ఎవరైనా పాతిపెట్టేస్తారు. ఇక మీదట ఏ జంతువైనా ఇలా పోతే పాతే ముందు పశువుల అంబులెన్సు నంబరు 1962కి ఫోన్ చేయండి, లేదా రైతు సేవా కేంద్రంలో పశువుల సహాయకుడికి చెప్పండి. ఒట్టి చేతులతో ముట్టుకోవద్దు, తల కోయొద్దు. మందపాటి ప్లాస్టిక్ సంచులు రెండు ఒకదానిలో ఒకటి వేసి, అందులో ఉంచి నీడన పెట్టండి. డాక్టరు వచ్చి మెదడు నమూనా తీసి, ఐసులో పెట్టి ల్యాబుకి పంపుతాడు. ఒక్క నమూనాతో రేబిస్సూ, ఇదీ రెండూ చూడొచ్చు.

‘మనుషులకి రాదు’ అన్న మాటని కూడా సరిచేయాలి. చాలా ఏళ్లు మేమూ అలాగే చదువుకున్నాం. గత కొన్నేళ్లలో చైనాలో పందుల్ని కోసేవాళ్లు, పందుల షెడ్లలో పనిచేసేవాళ్లు కొద్దిమందికి ఇదే వైరస్‌తో మెదడువాపు వచ్చినట్టు, కొందరికి చూపు పోయినట్టు డాక్టర్లు రాశారు. చాలా అరుదు. భయపడి మాంసం మానేయాల్సిన పని లేదు, బాగా ఉడికితే వైరస్ చస్తుంది. కానీ వేలు తెగి ఉన్నప్పుడు పందిని కోయొద్దు. తప్పకపోతే రబ్బరు గ్లవ్స్ వేసుకోండి. కోసిన చేత్తో కళ్లు తుడుచుకోవద్దు.

పంది పిల్లల సంగతికి వద్దాం. రెండు వారాల లోపు పిల్లలకి అవుజెస్కీ జబ్బు వస్తే వణుకు, కాళ్లు తెడ్డేసినట్టు కొట్టుకోవడం, కొన్ని కుక్కలా కూర్చుండిపోవడం, చివరికి దాదాపు అన్నీ పోతాయి. చూలు పందులు ఈసుకుపోతాయి, అంటే నెలలు నిండకుండానే పిల్లలు పోతాయి, లేదా ఎండిపోయిన పిల్లల్ని ఈనుతాయి. పెద్ద పందులకి దురద ఉండదనే చెప్పాలి. మీ పందులు గోడకి రాసుకుంటుంటే గజ్జి ఉందేమో చూడండి. ఫోన్‌లో నేనడిగిన ప్రశ్నలకి మీరు చెప్పిందేమిటంటే, తల్లికి జ్వరం లేదు, మేత మానలేదు, వేరే ఏదీ ఈసుకుపోలేదు, మిగిలిన నాలుగు పిల్లలూ గట్టిగా పాలు తాగుతున్నాయి. ఈనింది ఒట్టి సిమెంటు గచ్చు మీద, సంక్రాంతి చలిలో, ఉత్తరపు తలుపు తీసి ఉండగా. నాకు ఇక్కడ చలే ముద్దాయిగా కనబడుతోంది. పుట్టిన పంది పిల్లకి ఒంటి మీద కొవ్వూ ఉండదు, బొచ్చూ ఉండదు. మొదటి మూడు రోజులూ దానికి 32 నుంచి 34 డిగ్రీల వెచ్చదనం కావాలి. చలికి బిగుసుకుపోయిన పిల్ల పాలు తాగదు. తాగకపోతే రక్తంలో చక్కెర పడిపోతుంది, వణుకుతుంది, పోతుంది. తల్లి పక్కనే ఒక మూల చెక్కలతో చిన్న అర కట్టి, ఎండుగడ్డి పరిచి, పైన వంద వాట్ల బల్బు వేలాడదీయండి. పిల్లలు బల్బు కింద కుప్పపడితే చలిగా ఉన్నట్టు, మూలలకి పోతే వేడెక్కువైనట్టు. ఎత్తు సరిచేసుకోండి.

అయినా నా అంచనా మీద వదిలేయొద్దు. కనుమ నాడు మీ ఇంటాయన ఆ సంత పందిని కోయడానికి వెళ్లి అవే చెప్పులతో మీ దొడ్డిలోకి వచ్చారన్నారు. ఆ ఒక్క మాట కోసం ఆరు ఆడ పందుల రక్తం పరీక్ష చేయించండి. గరివిడి పశువైద్య కళాశాల మీకు కూతవేటు దూరమే. ఈ వైరస్ అంటిన పంది రక్తంలో దాని ప్రతిరక్షకాలు కనబడతాయి. ఫలితం వచ్చేదాకా కొనొద్దు, అమ్మొద్దు. అమ్మేయమంటారా అని అడిగారు కదా, అమ్మితే జబ్బు పోదు, ఇంకో ఇంటికి పోతుంది. కొన్నవాడూ మీలాగే అప్పుచేసి కొంటాడు. దొడ్డి గుమ్మంలో బ్లీచింగ్ పౌడరు నీళ్ల పళ్లెం పెట్టి కాళ్లు ముంచి లోపలికి వెళ్లండి. పేడ అంటిన గచ్చు మీద బ్లీచింగ్ పనిచేయదు, ముందు కడిగి తర్వాత చల్లాలి. మేకలుంటే ఈ నెలంతా దూరంగా కట్టండి. వీధిలో మళ్లీ పందిని కోస్తే పేగులూ తుక్కూ కుక్కలకి అందకుండా మోకాలి లోతు కన్నా ఎక్కువ గొయ్యి తీసి, సున్నం వేసి పూడ్చమని చెప్పండి. కనుమనాడు కుక్కకి నాలుగు ముక్కలు పెట్టకుండా ఎవరి మనసు ఒప్పుకుంటుంది? ఉడకబెట్టి పెట్టండి.

టీకా గురించి కూడా అడిగారు ఫోన్‌లో. హంగరీలోనే 1961లో అడోర్యాన్ బార్తా అనే ఆయన వేరుచేసిన ఒక బలహీనమైన రకం నుంచి మంచి టీకా వచ్చింది. అందులో ఒక జన్యువు సహజంగానే లేదు. దానివల్ల రక్తం చూసి టీకా వేసిన పంది ఏదో, జబ్బు సోకిన పంది ఏదో విడదీయొచ్చు. ఆ ఒక్క తేడా పట్టుకుని సోకినవాటిని ఏరేసి జర్మనీ 2003లోనూ, అమెరికా 2004లోనూ పెంపుడు మందల్లో దీన్ని లేకుండా చేశాయి. అమెరికా అడవిపందుల్లో ఇంకా ఉంది, వేటకుక్కలు ఇప్పటికీ పోతుంటాయి. మీ ఆరు పందులకి మాత్రం పరీక్ష రాకముందే టీకా వెతుక్కోవద్దు. మీకు ముందుగా కావాల్సింది స్వైన్ ఫీవర్ టీకా, అది పందుల్ని చంపే వేరే జ్వరం. ఆ టీకా వేయించలేదన్నారు. వేయించండి.

ప్రశ్న: మా మేకల పాకకి ఇరవై అడుగుల దూరంలో మా బావ పందుల షెడ్డు వేస్తానంటున్నాడు. ముప్ఫై మేకలున్నాయి. ఏమైనా ఇబ్బందా? (రాజాం దగ్గర నుంచి)

జవాబు: ఇబ్బందే తమ్ముడూ. పైన రాసిన జబ్బు ఒక్కటే కాదు, గాలికుంటు సంగతి చూడు. గాలికుంటు సోకిన పంది ఊపిరితో వదిలే వైరస్ ఆవు వదిలేదానికన్నా ఎన్నో రెట్లు ఎక్కువ. ఇరవై అడుగులు దానికి ఒక లెక్క కాదు. మీ బావకి స్థలం అక్కడే ఉంటే గోడ కట్టించి, షెడ్డు నోరు అవతలి వైపుకి పెట్టించు. నీళ్ల కుండీ, తొట్టి, చీపురు, చెప్పులు దేనికవి వేరుగా ఉండాలి. పందుల దగ్గర పని మేకల పని అయ్యాకే చేయాలి, ముందు కాదు. గాలికుంటు టీకా పందులకీ వేస్తారు, 2019లో మొదలైన జాతీయ కార్యక్రమంలో అవి కూడా ఉన్నాయి. బావ మాట వినకపోతే ఈ పేజీ చూపించు.

ప్రశ్న: హైవే హోటళ్ల నుంచి ఎంగిలి తెచ్చి పందులకి పెడుతున్నాను. దాణా ఖర్చు సగం తగ్గింది. మానేయమంటున్నారు. మానాలా? (ఇచ్ఛాపురం నుంచి)

జవాబు: మానాల్సిన పని లేదు, మరిగించాలి. పచ్చిగా పెట్టడం మాత్రం ఈ రోజే మానేయండి. ఆ ఎంగిలిలో పంది మాంసం ముక్క ఉంటే స్వైన్ ఫీవర్ రావడానికి అది చాలు. ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ అని ఇంకొకటుంది. 2020లో మన దేశంలో మొదటిసారి అస్సాం, అరుణాచల్ ప్రదేశ్‌లలో బయటపడింది. మనుషులకి రాదు గానీ పందుల మందని తుడిచిపెట్టేస్తుంది. మన దగ్గర దానికి టీకా లేదు. పెద్ద డ్రమ్ములో నీళ్లు పోసి, కళపెళ మరిగాక కలుపుతూ అరగంట ఉంచి, చల్లార్చి పెట్టండి. పచ్చి ఎంగిలి తెచ్చే బకెట్టూ, ఉడికింది పెట్టే బకెట్టూ వేరుగా ఉండాలి. చాలామంది ఇక్కడే తప్పుతారు. జీడిపిక్కల తొక్కల పొయ్యి మీద మరిగిస్తే ఖర్చు తక్కువని ఉత్తరంలో రాశారు, మంచిదే. పొగ మాత్రం పందుల వైపు పోకుండా చూడండి.

చీపురుపల్లి చెల్లెమ్మ సంగతి ఇంకొకటి. ఈ పేజీ అచ్చుకి పంపే ముందు మళ్లీ ఫోన్ చేశాను. బాబుకి జనవరి 31, ఫిబ్రవరి 4 సూదులు కూడా పడ్డాయి, నాలుగోది ఫిబ్రవరి 25న వేయించారు. బడికి వెళ్తున్నాడు. నాలుగు పంది పిల్లలూ బతికి ఉన్నాయి, బల్బు కట్టారట. ఆరు పందుల రక్తం తీసి పంపారు. ఫలితం ఇంకా రాలేదు. రాగానే, ఏదైనా సరే, ఇక్కడే రాస్తాను.